ఆ ఒక్క వాక్యం ఇక రాయకండి

"ఎడిటింగ్ ఇంకాస్త షార్ప్‌గా ఉండాల్సింది."

తెలుగు సినిమా సమీక్ష ఏది తెరిచినా ఈ వాక్యం కనిపిస్తుంది. కథ గురించి, హీరో గురించి, పాటల గురించి, ఫైట్ల గురించి రాయాల్సిందంతా రాసేశాక, చివర్లో కెమెరాకీ నిర్మాణ విలువలకీ మధ్య ఇరికించి ఉంటుంది. ఒక్కోసారి మాట మారుస్తారు. "సెకండాఫ్‌లో కత్తెరకి పని చెప్పాల్సింది" అంటారు. సినిమా ఆడితే "ఎడిటింగ్ ఓకే" అని వదిలేస్తారు. ఎడిటర్ చేతికి ఎన్ని గంటల ఫుటేజీ వచ్చిందో, ఏ సీను ఎవరి పట్టుదల వల్ల తెరమీద మిగిలిపోయిందో, ఆయన పాట తీసేద్దామంటే ఎవరు అడ్డుపడ్డారో రాసినాయన అడిగి ఉండడు. చాలాసార్లు ఆ ఎడిటర్ పేరు కూడా రాయడు. మనిషి పేరుకి చోటు లేని పేజీలో ఆ మనిషి మీద తీర్పుకి చోటెలా దొరుకుతోంది? దీన్ని అలవాటని సరిపెట్టుకోవడం నావల్ల కాదు. ఇది అన్యాయం.

నేను రాస్తున్నది పావగడ నుంచి. తుమకూరు జిల్లా లెక్కలో ఉన్న తాలూకాయే గానీ, జిల్లాలో మిగతా భాగానికీ మాకూ మధ్య ఆంధ్ర నేల ఉంది. దాన్ని దాటితే గానీ మధుగిరి రాదు. మడకశిర, పెనుకొండ, కళ్యాణదుర్గం మాకు ఇరుగుపొరుగు. చిత్రదుర్గ జిల్లా వైపు మాత్రమే మేం కర్ణాటకకి అంటుకుని ఉన్నాం. ఇంట్లో తెలుగు, బడిలో కన్నడ, శనిమహాత్ముడి గుడి ముందు రెండూ వినిపిస్తాయి. సినిమా పరిశ్రమకి మేం టికెట్టు కొనే జనం, అంతే. నేను ఏ హీరో అభిమాన సంఘంలోనూ లేను, ఏ నిర్మాతకీ బాకీ లేను. అందుకని చెప్పాల్సింది గట్టిగానే చెబుతాను. తెలుగు సినిమాలో దర్శకుడితో సమానంగా కథ చెప్పినవాళ్లు ఎడిటర్లు. వాళ్ల జీవితకాలపు పనిని పరిశ్రమా, పత్రికలూ, ప్రభుత్వాలూ, ప్రేక్షకులమైన మనమూ కలిసి తుడిచేస్తున్నాం.

జి.జి. కృష్ణారావు గారి సంగతి చూడండి.

2023 ఫిబ్రవరి 2న కె. విశ్వనాథ్ గారు కన్నుమూశారు. 1980లో 'శంకరాభరణం' విడుదలైంది కూడా ఫిబ్రవరి 2నే. ఆ రోజు తెలుగు చానళ్లన్నీ ఆయన సినిమాలే వేశాయి, పత్రికలు పేజీలకు పేజీలు ఇచ్చాయి. ఇవ్వాల్సిందే. ఆయన అంతటివారు. సరిగ్గా పందొమ్మిది రోజులకి, ఫిబ్రవరి 21న, బెంగళూరులో కృష్ణారావు గారు పోయారు. 'శంకరాభరణం', 'సప్తపది', 'సాగరసంగమం', 'స్వాతిముత్యం' ఎడిట్ చేసిన మనిషి. ముందు పందొమ్మిది రోజులూ చానళ్లు తిప్పితిప్పి చూపించిన ఈ సినిమాల్లోని ప్రతి దృశ్యమూ ఆయన చేతి మీదుగా వచ్చిందే. ఆయన పోయిన వార్త మాత్రం లోపలి పేజీల్లో ఒక చిన్న కాలమ్‌లో సర్దుకుంది. బెంగళూరు మా పావగడ పిల్లలు చదువుకీ కొలువుకీ పోయే ఊరు. ఆయన అదే ఊళ్లో తుదిశ్వాస విడిచారని నేను చెబితే తప్ప మావాళ్లలో నేనడిగిన ఏ ఒక్కరికీ తెలియలేదు. సినిమా పిచ్చి లేనివాళ్లు కారు వాళ్లు. 'శంకరాభరణం' మాటలు వరసగా అప్పజెప్పగలిగినవాళ్లు.

ఆ తర్వాత మూడు వారాలైనా తిరగకముందే, మార్చి 12న, లాస్ ఏంజెలెస్‌లో 'నాటు నాటు'కి ఆస్కార్ వచ్చింది. కీరవాణి, చంద్రబోస్ వేదికెక్కారు. ప్రేమ్‌రక్షిత్ స్టెప్పుల గురించి ప్రపంచమంతా మాట్లాడింది. ఇద్దరు నటుల కాళ్లు ఒకే యంత్రంలా కదులుతున్నట్టు మనకి అనిపించిందంటే, ఏ అడుగు దగ్గర ఏ కోణానికి మారాలో ఫ్రేము లెక్కన తేల్చుకున్న చేయి ఒకటుంది. అది 'ఆర్ఆర్ఆర్' ఎడిటర్ ఎ. శ్రీకర్ ప్రసాద్‌ది. ఆ వారం తెలుగు పత్రికల్లో ఆయన పేరు ఎన్నిచోట్ల కనిపించింది? 1989లో హిందీ సినిమా 'రాఖ్'కి మొదలుపెట్టి ఎన్నోసార్లు జాతీయ పురస్కారం అందుకున్న తెలుగువాడు ఆయన. ఎడిటర్ అక్కినేని సంజీవి గారి కొడుకు, ఎల్.వి. ప్రసాద్ గారి తమ్ముడి కొడుకు. తమిళం, మలయాళం, హిందీ, అస్సామీ సినిమావాళ్లు ఆయన కోసం వరస కట్టారు. మన వీధిలో ఆయన ఫొటో చూపిస్తే ఎవరని అడుగుతారు.

ఇంతకీ ఎడిటర్ చేసేదేమిటి? కత్తిరించడమే అని జనం అనుకుంటారు, రాసేవాళ్లూ అలాగే రాస్తారు. కృష్ణారావు గారు పనిచేసిన రోజుల్లో మద్రాసు ఎడిటింగ్ గదికి ల్యాబ్ నుంచి రష్ ప్రింటు వచ్చేది. 35 ఎం.ఎం. ఫిల్ముకి అడుగుకి 16 ఫ్రేములు, సెకనుకి 24 ఫ్రేములు, నిమిషానికి 90 అడుగులు. రెండున్నర గంటల సినిమా అంటే 13,500 అడుగులు, 2,16,000 ఫ్రేములు. ఇది చివరికి మిగిలినదాని లెక్క. తీసినది దానికి ఎన్నో రెట్లుంటుంది. ఒక్కో షాట్‌కి నాలుగైదు టేకులు, మాస్టర్ షాట్, క్లోజులు, రియాక్షన్లు. వాటన్నిటినీ ముక్కలుగా వేలాడదీసి, మూవియోలా యంత్రాన్ని కాలితో తొక్కుతూ, ముందుకీ వెనక్కీ నడిపిస్తూ, ఫిల్ము మీద గ్రీజు పెన్సిల్‌తో గీతలు పెట్టుకుంటూ, కోసి అతికించి, మళ్లీ విప్పి మళ్లీ అతికించేవారు. మాటల ట్రాకు వేరే, పాటల ట్రాకు వేరే. బొమ్మనీ శబ్దాన్నీ జతగా నడిపే డబుల్ పాజిటివ్ వేసి చూసుకుంటే ఎక్కడో రెండు ఫ్రేములు తేడా వచ్చి ఊపిరి తప్పేది. మళ్లీ మొదటికే. అంతా తేలాక నెగటివ్ కటింగ్. నెగటివ్ మీద తప్పు కోత పడితే దిద్దుకోవడం లేదు.

అంత పనిలోనూ కోయడమన్నది అన్నిటికన్నా చిన్న భాగం. ఒక మాట అన్నాక అన్నవాడి ముఖం చూపించాలా, విన్నవాడి ముఖం చూపించాలా? ఎంతసేపు? పాత్రని నమ్మాలా, ప్రేక్షకుణ్ణి నమ్మాలా? కన్నీరు కనుకొలకుల్లోకి రాకముందే వదిలేస్తే ఎక్కువ బాధ కలుగుతుందా, జారేదాకా ఉంటేనా? ఈ నిర్ణయాలు ఒక్కో రీలులో వందల సార్లు తీసుకోవాలి. సాహిత్యంలో ఈ పని చేసేవాణ్ణి మనం రచయిత అంటాం.

'సాగరసంగమం' 1983లో వచ్చింది. పత్రికాఫీసులో బాలు ఒకే పాదాన్ని వేర్వేరు నాట్య సంప్రదాయాల్లో ఆడి చూపించే ఘట్టం గుర్తు తెచ్చుకోండి. కమల్‌హాసన్ గొప్పగా ఆడాడు, కాదనేవాడు లేడు. కానీ ఆ ఘట్టం బరువు చూసేవాళ్ల ముఖాల్లో ఉంది. తాగుబోతు అని తేలిగ్గా చూసినవాళ్లు ఏ క్షణాన తలవంచుకున్నారన్నది అక్కడ అసలు కథ. నాట్యం మొత్తాన్ని నాట్యంగానే చూపించి ఉంటే అది ఒక ప్రదర్శన అయ్యేది. ఆ ముఖాల మీదికి వెళ్లి, మళ్లీ అడుగుల మీదికి వచ్చి, ఎప్పుడు వెళ్లాలో ఎప్పుడు రావాలో తేల్చినందువల్ల అది అవమానానికి జవాబయింది.

ఇక వానలో బావి గట్టు మీద ఆట. తాళం పరుగెడుతోంది, మనిషి తూలుతున్నాడు, కింద నీళ్లు. ఒక కోత తొందరపడితే అపాయం అబద్ధమైపోతుంది. ఒక కోత ఆలస్యమైతే పాట జారిపోతుంది. ఆ వేగమంతా దేని దగ్గర ఆగుతుంది? తను ప్రేమించిన మాధవి నుదుటి బొట్టు తడవకుండా బాలు అడ్డుపెట్టిన అరచేయి దగ్గర. భర్త పోయిన సంగతి బాలుకి తెలియకూడదని ఆమె పెట్టుకున్న బొట్టు అది. మనకి తెలుసు, అతనికి తెలియదు. అప్పటిదాకా తాళానికి తగ్గట్టు నడిచిన దృశ్యం ఒక్కసారిగా నిలబడిపోతుంది, ఆ నిలబడటంలో సినిమా మొత్తం ఉంది. ఆ ఆలోచన విశ్వనాథ్ గారిది, ఆ సంగీతం ఇళయరాజా గారిది. ఎంతసేపు నిలబడాలన్న లెక్క తేలింది ఎడిటింగ్ టేబుల్ మీద. ఆ ఏడాది జాతీయ పురస్కారాల్లో ఈ సినిమా సంగీతానికీ గాత్రానికీ గుర్తింపు వచ్చింది. అంతకుముందు 'శంకరాభరణం' నాలుగు జాతీయ పురస్కారాలు తెచ్చుకుంది. మంచి జనరంజక చిత్రంగా ఒకటి, సంగీతానికి ఒకటి, బాలసుబ్రహ్మణ్యం గారికి ఒకటి, వాణీజయరాం గారికి ఒకటి. కచేరీ వేదిక మీద శాస్త్రి గారి గొంతు ఆగిపోయి శిష్యుడి గొంతు అందుకునే ఆ ముగింపుని కూర్చినవాడి పేరు ఢిల్లీలో ఎవరూ పలకలేదు. 'సప్తపది', 'సాగరసంగమం', 'శుభసంకల్పం' సినిమాలకి నంది ఇచ్చి ఆంధ్ర ప్రభుత్వం ఆ మాత్రమన్నా పరువు నిలిపింది.

ఇంకోటి గమనించండి. 'సాగరసంగమం'కి ఏడాది ముందు, 1982లో, దాసరి గారి 'బొబ్బిలిపులి'ని కూడా కృష్ణారావు గారే ఎడిట్ చేశారు. కోర్టులో రామారావు గారి గర్జన మీద నిలబడ్డ సినిమా అది. ఇక్కడ మాట ముగిసీ ముగియకముందే చప్పట్లకి చోటు వదలాలి, అక్కడ మౌనానికి చోటు వదలాలి. రెండు ఊపిరులనీ ఒకే మనిషి పట్టుకున్నాడు. నటుడైతే ఇలాంటి శ్రేణి గురించి మనం పుస్తకాలు రాస్తాం. ఈయన గురించి రాలేదు.

"ఎడిటర్ దర్శకుడు చెప్పినట్టు చేసేవాడే కదా" అనేవాళ్లు ఉన్నారు. పరిశ్రమలోనే ఎక్కువ. వాళ్లు ఆదుర్తి సుబ్బారావు గారి జీవితం తిరగేస్తే చాలు. రాజమండ్రి మనిషి బొంబాయి వెళ్లి, దీనా నార్వేకర్ దగ్గర ఎడిటింగ్ నేర్చుకుని, ఉదయ్‌శంకర్ 'కల్పన' (1948)కి పనిచేసి, ఆ తర్వాత దర్శకుడయ్యారు. 'తోడికోడళ్లు', 'మాంగల్యబలం', 'మూగమనసులు' తీశారు. ఆయన సన్నివేశంలో అనవసరమైన అడుగు ఉండదు. గదిలోకి వచ్చే మనిషి తలుపు తీయడం, నడవడం, కూర్చోవడం అన్నీ చూపించాల్సిన పనిలేదని ఆయనకి టేబుల్ నేర్పింది. మా పొరుగున తాడిపత్రి ప్రాంతం నుంచి వెళ్లిన కె.వి. రెడ్డి గారు స్టాప్‌వాచ్ పట్టుకుని రిహార్సల్స్‌లోనే సీను నిడివి కొలుచుకునేవారని ఆయనతో పనిచేసినవాళ్లు చెప్పారు. అంటే ఆయన సెట్టు మీదే ఎడిటర్‌లా ఆలోచించారు. ఆయన 'మాయాబజార్' (1957)కి ఎడిటర్లు సి.పి. జంబులింగం, జి. కల్యాణసుందరం. మార్కస్ బార్‌ట్లీ కెమెరా మాయల గురించి మనవాళ్లు గంటలు మాట్లాడతారు. మాయ అన్నది ముందు షాట్‌కీ తర్వాతి షాట్‌కీ మధ్య జరుగుతుంది. ఆ మధ్య చోటుకి యజమానులు ఈ ఇద్దరు. పండక్కి పండక్కి 'మాయాబజార్' చూసే జాతికి వీళ్ల పేర్లు తెలియకపోవడం సిగ్గుచేటు.

ఇది మన ఒక్కరి జబ్బు కాదని నాకు తెలుసు. ఇటలీలో మార్చెల్లో మాస్ట్రోయాని అంటే ప్రపంచమంతటికీ తెలిసిన ముఖం. ఆయన తమ్ముడు రుజెరో మాస్ట్రోయాని ఎడిటర్. 1965లో 'జూలియెట్ ఆఫ్ ది స్పిరిట్స్' నుంచి దర్శకుడు ఫెల్లినీకి ఆయనే ఆసరా. 'అమర్‌కార్డ్' ఆయన కూర్చినదే. విస్కాంటి 'డెత్ ఇన్ వెనిస్' కూడా. 1996లో పోయాడు. అన్న పోస్టర్లు ఇప్పటికీ హోటళ్ల గోడల మీద ఉంటాయి, తమ్ముణ్ణి సినిమా చదువుకున్నవాళ్లే గుర్తుపడతారు. అయితే ఒక్క తేడా ఉంది. అక్కడ ఆయన పనికి జాతీయ స్థాయి పురస్కారం మళ్లీమళ్లీ వచ్చింది, చదువుకునేవాళ్ల కోసం ఆయన గురించి రాశారు. అమెరికావాళ్లు ఎడిటింగ్‌కి 1934 సినిమాల నుంచే ఆస్కార్ ఇస్తున్నారు. మన దేశంలో జాతీయ పురస్కారాలు 1954లో మొదలైతే ఎడిటర్‌ని గుర్తించడానికి 1976 దాకా పట్టింది. రెండు దశాబ్దాల పాటు ఈ దేశంలో సినిమాలు వాటంతట అవే కూడుకున్నాయని ప్రభుత్వం నమ్మిందా?

మా వైపు ఈ కళకి జరిగిన ఇంకో ద్రోహం ఉంది. రీళ్ల కాలంలో పెద్ద ఊళ్లలో ఆడి, గీతలు పడి, అంచు రంధ్రాలు చిరిగిన ప్రింటు చివరికి మాలాంటి ఊళ్లకి వచ్చేది. ప్రింటు తెగిన ప్రతిసారీ ఆపరేటర్ కొన్ని ఫ్రేములు కోసి అతికించేవాడు. అది అతని తప్పు కాదు, యంత్రం నడవాలి. కానీ రాత్రి ఆట త్వరగా ముగియాలని పాటలకి పాటలే ఎగరగొట్టే హాళ్లు ఉండేవి. పల్లెలకి చివరి బస్సు పోతుందని ఒక సాకు, మూడో ఆట పట్టించాలని ఇంకో సాకు. నేను మొదటిసారి చూసిన 'సాగరసంగమం'లో బావి దగ్గరి పాట సగమే ఉంది. వాన మొదలైంది, అంతలోనే ఎవరో ఎక్కడో ఏడుస్తున్నారు. ఆ బొట్టు మీద చేయి నేను చూడలేదు. ఆ సినిమా అలాగే ఉంటుందని, ఆ బాలు పాత్ర అలా అర్థం కాకుండానే ఉంటుందని ఏళ్ల తరబడి అనుకున్నాను. ఒక మనిషి ఫ్రేము ఫ్రేము తూచి కట్టినదాన్ని ఇంకొకడు బస్సు టైము చూసి తెంపేశాడు. మాకు పూర్తి టికెట్టు కొట్టారు, సగం సినిమా చూపించారు. దీని మీద ఆ రోజుల్లో ఎవరూ గొంతెత్తలేదు, ఎత్తాలని మాకూ తెలియలేదు. తెరమీద ఉన్నదాన్ని ఎవడైనా కోసేయొచ్చన్న భావం మా నెత్తుల్లోకి అక్కడే ఎక్కింది.

ఇప్పుడు రీళ్లు పోయాయి, ఆ భావం మాత్రం పరిశ్రమ పెద్దల దాకా పాకింది. 2014 సంక్రాంతికి '1 నేనొక్కడినే' వచ్చింది. నిడివి ఎక్కువైందని మాట రాగానే హాళ్లలో ఉన్న సినిమా నుంచి దాదాపు ఇరవై నిమిషాలు తీసేశారు. మొదటి రోజు చూసినవాడిదో సినిమా, తర్వాత చూసినవాడిదో సినిమా. 2025 జనవరిలో 'పుష్ప 2'కి ఇరవై నిమిషాలు కలిపి మళ్లీ పోస్టర్లు వేశారు. తీయడమైనా కలపడమైనా ఇక్కడ కథ అవసరంతో జరగలేదు, వసూళ్ల అవసరంతో జరిగింది. ఎడిటర్ నెలల తరబడి కూర్చుని తేల్చుకున్న నిడివిని ఆదివారం కలెక్షన్ చూసి సోమవారం మార్చడానికి మీకేం హక్కుంది? అలా మార్చాక వచ్చిన సినిమా మీద "ఎడిటింగ్ బాగోలేదు" అని తీర్పు రాస్తే ఆ రాళ్లు ఎవరి మీద పడుతున్నాయి?

2025 అక్టోబరు 31న 'బాహుబలి: ది ఎపిక్' వచ్చింది. రెండు భాగాలు కలిపితే సుమారు ఐదున్నర గంటలు, దాన్ని మూడు గంటల ముప్పావుకి తెచ్చారు. ఎడిటింగ్ అంటే ఏమిటో జనానికి చెప్పడానికి ఇంతకన్నా గొప్ప సందర్భం తెలుగులో రాలేదు. అదే కథ, అవే షాట్లు, ఇంకో ఊపిరి. తమ్మిరాజు ఆ పని చేశారు. మొదట రెండు భాగాలనీ కూర్చింది కోటగిరి వెంకటేశ్వరరావు. అన్న కోటగిరి గోపాలరావు దగ్గర పని నేర్చుకుని, రాఘవేంద్రరావు గారి తరం నుంచి రాజమౌళి తరం దాకా నిలబడ్డ మనిషి. పత్రికలు ఏం రాశాయి? ఏ పాట పోయింది, ఏ హీరోయిన్ సీన్లు తగ్గాయి అని రాశాయి. పాత కూర్పుకీ కొత్త కూర్పుకీ కథనంలో తేడా ఏమిటని ఇద్దరు ఎడిటర్లనీ కూర్చోబెట్టి అడగాలన్న ఆలోచన ఎవరికీ రాలేదు.

పావగడలో ఈ సంగతి ఎందుకు పట్టించుకోవాలని నన్ను అడిగేవాళ్లకి ఒక జవాబుంది. తిరుమణి, బళసముద్రం, వళ్లూరు చుట్టూ 13,000 ఎకరాల్లో సోలార్ పార్కు వచ్చింది. 2,050 మెగావాట్లు. రైతులు ఎకరాకి ఏడాదికి 21,000 రూపాయల కౌలుకి భూమిచ్చారు. వేరుశనగ పండించిన ఇళ్లలో పిల్లలకి సేద్యం పని లేకుండా పోయింది. వాళ్లలో కొందరు కౌలు డబ్బుతో కంప్యూటర్ కొని పెళ్లి వీడియోలు ఎడిట్ చేస్తున్నారు. ఫొటో స్టూడియో వెనక చిన్న గదిలో రాత్రంతా కూర్చుని తలంబ్రాలనీ అప్పగింతలనీ పాట తాళానికి కూరుస్తారు. పెళ్లికూతురి తల్లి ఏడుపుని ఎక్కడ వదలాలో వాళ్లకి చెప్పకుండానే తెలుసు. నేను వాళ్ల పని చూశాను. కొందరి చేతిలో నిజమైన విద్య ఉంది. స్టూడియో యజమాని పేరు ఆల్బమ్ మీద ఉంటుంది, డ్రోన్ తిప్పినవాడి పేరు ఇన్‌స్టాగ్రామ్‌లో ఉంటుంది, రాత్రంతా కూర్చున్న పిల్లాడి పేరు ఎక్కడా ఉండదు. ఆ పిల్లాడికి తన ముందు కృష్ణారావు అనే మనిషి ఉన్నాడని తెలియదు. తనది ఒక కళ అని, దానికి పెద్దలున్నారని ఎవరూ చెప్పలేదు. గౌతంరాజు గారు ఎనిమిది వందలకు పైగా సినిమాలు ఎడిట్ చేసి 2022 జులై 6న పోయారని చెబితే ఒక పిల్లాడు నన్ను తిరిగి అడిగాడు, "అన్ని సినిమాలు చేసినాయన పేరు నేనెందుకు వినలేదన్నా?" నా దగ్గర జవాబు లేదు. మీ దగ్గర ఉందా?

మంచి జరగలేదని నేననను. 'జెర్సీ'కి నవీన్ నూలి జాతీయ పురస్కారం తెచ్చారు. ఒక తెలుగు సినిమాకి ఎడిటింగ్‌లో ఆ గౌరవం దక్కితే, క్రికెట్ మైదానంలో నాని పరుగుని కూర్చిన చేతిని రాష్ట్రమంతా ఊరేగించాల్సింది. అలా జరగలేదు. నందులు 2016 సినిమాల తర్వాత ఆగిపోయాయి. తెలంగాణ 2025లో గద్దర్ పేరున పురస్కారాలు మొదలుపెట్టింది, బాగుంది. విజేతల జాబితాల్లో ఎడిటర్ ఎప్పుడూ అడుగునే ఉంటాడు. ముందు వరసకి తీసుకురండి.

పత్రికల వాళ్లకి నా మాట ఇది. ఆ వాక్యాన్ని ఇక రాయకండి. రాయాలనిపిస్తే దాని ముందు ఎడిటర్ పేరు రాయండి. ఏ సీను ఎందుకు సాగిందో, ఎక్కడ తెంపి ఉంటే కథ బాగుపడేదో చెప్పండి. చెప్పలేకపోతే ఆ వాక్యం మీకు రాదని అర్థం. సినిమా బాగున్నప్పుడు కూడా అదే కష్టం పడండి. నిర్మాతలకి ఒకటి: పోస్టర్ మీద కెమెరామన్ పేరు ఎంత అక్షరంలో వేస్తారో ఎడిటర్ పేరు అంతే అక్షరంలో వేయండి. విడుదల తర్వాత ఒక్క ఫ్రేము కదిలించాలన్నా ఎడిటర్ సంతకం ఉండాలని కాగితం మీద రాసుకోండి. హీరోలు ఎడిటింగ్ గదిలో తమ సీన్ల కోసం కాపలా కాయడం మానాలి.

అన్నిటికన్నా ముందు చేయాల్సింది ఇంకోటుంది. దీనికి గడువు ఉంది, ఆగితే చేజారిపోతుంది. కృష్ణారావు గారిని ఆ బావి ఘట్టం ఎలా కూర్చారో అడిగే అవకాశం 2023 ఫిబ్రవరితో పోయింది. కోటగిరి వెంకటేశ్వరరావు గారు మన మధ్య ఉన్నారు. మార్తాండ్ కె. వెంకటేష్ ఉన్నారు. శ్రీకర్ ప్రసాద్ గారు పనిచేస్తూనే ఉన్నారు. మూవియోలా తొక్కిన అసిస్టెంట్లు, నెగటివ్ కోసిన చేతులు చెన్నైలోనూ హైదరాబాదులోనూ ఇంకా ఉన్నాయి. హైదరాబాదులోని ఫిల్మ్ చాంబర్ గానీ, సినిమా పాఠం చెప్పే విశ్వవిద్యాలయం ఏదైనా గానీ ఈ ఏడాదే ఒక కెమెరా పట్టుకుని వాళ్ల ఇళ్లకి వెళ్లాలి. వాళ్లు కూర్చిన సినిమాలు వాళ్ల ముందే నడిపి, ఒక్కో కోత దగ్గర ఆపి, ఇక్కడ ఎందుకు కోశారు, ఏ టేకు వదిలేశారు, ఎవరితో పోట్లాడారు అని అడిగి, చెప్పినదంతా రికార్డు చేసి పిల్లలందరికీ అందుబాటులో పెట్టాలి. ఖర్చు కష్టమంటే పావగడ నుంచి చందా పంపిస్తాం. మొదటి చందా నా పేరున రాసుకోండి.